అడివంచు కతలు ఎవరు తియ్యాలె? బి. నర్సింగరావు తొక్కిన తొవ్వ, మన చేతులున్న ఫోన్

2025 జూన్ 14న హైదరాబాద్ హైటెక్స్‌ల తెలంగాణ సర్కారు సినిమా అవార్డుల పండుగ జేసింది. ఒకప్పటి నంది జాగల ఇప్పుడు గద్దర్ అవార్డులు వచ్చినయ్. 2024కు ఉత్తమ చిత్రం ‘కల్కి 2898 ఏడీ’, ఉత్తమ నటుడు ‘పుష్ప 2’ల జేసిన అల్లు అర్జున్. 2014 నుంచి 2023 దాకా వచ్చిన సినిమాలకు గూడ లెక్కగట్టి ఇచ్చిన్రు, అండ్ల ‘బలగం’ ఉన్నది. టీవీలల్ల, ఫోన్లల్ల కొన్ని రోజులు ఇదే ముచ్చట.

గద్దరన్న పేరు పెట్టుడు మంచి పనే. కానీ ఆ పేరు సినిమా అవార్డుకు ఎందుకు సరిపోతదో తెల్వాలంటే ‘మా భూమి’ దాకా ఎనకకు పోవాలె. గొంగడి భుజాన ఏసుకొని, బండి యాదగిరి కట్టిన పాటను ఆయన తెర మీద పాడింది ఆ సినిమాలనే. ఆ సినిమాను నిలబెట్టిన మనిషి బి. నర్సింగరావు. సినిమాలు తీసిండు, బొమ్మలు గీసిండు, ఫొటోలు పట్టిండు, కవిత్వం రాసిండు, సంగీతం జేసిండు. ఇంత పని జేసిన మనిషి పేరు చెప్పి చర్ల, దుమ్ముగూడెం, ఇల్లందు, కారేపల్లి దిక్కు కాలేజీ పిల్లలను అడగండి. చానా మందికి ఎరుకుండదు. తప్పు పిల్లలది గాదు. ఆ సినిమాలు మన ఊర్లకు సక్కగ రానే రాలే.

ఈ రాతల జెప్పదల్సుకున్న మాట అదే. సొంత ఊరిని సొంత కండ్లతోని సూసి, సొంత మాటల జెప్పే సినిమాకు తెలంగాణల ఒక తొవ్వ ఉన్నది. నర్సింగరావు దాన్ని 45 ఏండ్ల కిందనే తొక్కిండు. ఆ తొవ్వ ఎంత దూరం పోయిందో సూడాలె, ఎక్కడ ఆగిందో గూడ సూడాలె. సినిమా తీసుడు సగం పని. అది ఎవరి గురించి తీసిన్రో వాళ్ల వాకిట్లకు తిరిగి వచ్చుడు ఇంకో సగం. ఆ రెండో సగం ఇయ్యాల మన మీద పడ్డది.

దొరల దిక్కు పుట్టి, జనం దిక్కు నిలబడి

నర్సింగరావుది ప్రజ్ఞాపూర్. గజ్వేల్ పక్కన, అప్పటి మెదక్ జిల్లా, ఇప్పటి సిద్దిపేట జిల్లా. 1946 సంవత్సరంల పుట్టిండు. భూములు, పెత్తనం ఉన్న కుటుంబం. హైదరాబాద్‌ల ఫైన్ ఆర్ట్స్ కాలేజీల సదివి బొమ్మలు గీసుడు నేర్సుకున్నడు. అంటే ఆయన సినిమాలకు కెమెరా దిక్కు నుంచి రాలే, కుంచె దిక్కు నుంచి వచ్చిండు.

1970ల మొదట్ల హైదరాబాద్‌ల ‘ఆర్ట్ లవర్స్’ అని ఒక చిన్న సంఘం నడిపిండు. అల్వాల్ దిక్కు బుర్రకతలు జెప్పుకుంట తిరిగే గుమ్మడి విఠల్‌రావు అనే పోరడు ఆ సంఘం సోపతిల పడ్డడు. ఆ సోపతిలనే ఆయన పాట మారింది, రిక్షా తొక్కెటోని మీదికి, కూలోని మీదికి మళ్లింది. ఆ సంఘం నుంచే ముంగటికి జన నాట్య మండలి వచ్చింది. ఆ విఠల్‌రావే మన గద్దరన్న. ఇయ్యాల అవార్డు మీద ఉన్న పేరుకు మొదటి అడుగులు పడ్డ జాగల నర్సింగరావు ఉన్నడు.

గిది ఎందుకు జెప్తున్ననంటే, సినిమా మనిషి అంటే స్టూడియోల పుట్టినోడే కావాలని మనోళ్లు అనుకుంటరు. నర్సింగరావు మొదాలు సినిమా తియ్యలే. మొదాలు మనుషులను జమ జేసిండు. పాటగాళ్లు, బొమ్మలు గీసెటోళ్లు, నాటకాలు ఏసెటోళ్లు ఒక్క తాన కూడిన్రు. సినిమా ఆ జమల నుంచి పుట్టింది.

‘మా భూమి’ ఎట్ల తయారైంది

అప్పటికే తెలంగాణ పల్లె తెర మీదికి వచ్చింది. శ్యామ్ బెనగల్ ‘అంకుర్’ (1974), ‘నిశాంత్’ (1975) తీసిండు. గొప్ప సినిమాలే, కాకపోతే హిందీల వచ్చినయ్. మృణాల్ సేన్ ‘ఒక ఊరి కథ’ (1977) తెలుగుల తీసిండు, కత ప్రేమ్‌చంద్‌ది. అంటే మన ఊరిని సూసెటోళ్లు ఉన్నరు, సూపు మాత్రం ఎక్కువ శాతం బయటి నుంచి వచ్చింది.

నర్సింగరావు, ఆయన తోని నిర్మాతగ జతకట్టిన జి. రవీంద్రనాథ్ తెలంగాణ రైతాంగ సాయుధ పోరాటం మీద సినిమా తియ్యాలనుకున్నరు. కతకు ఆధారం కృష్ణ చందర్ ఉర్దూల రాసిన ‘జబ్ ఖేత్ జాగే’ నవల. దర్శకునిగ బెంగాల్ నుంచి గౌతమ్ ఘోష్‌ను తెచ్చిన్రు. ఆయన అప్పటికి డాక్యుమెంటరీలు తీసిన కుర్రోడు, పెద్ద కత సినిమా ఆయనకు ఇదే మొదటిది. రామయ్యగ సాయిచంద్ జేసిండు, ఆయనకు గూడ ఇదే మొదలు. కాకరాల, తెలంగాణ శకుంతల, రామిరెడ్డి ఉన్నరు. సంగీతం వింజమూరి సీత.

కత మనకు తెల్సిందే లెక్క ఉంటది. నల్గొండ దిక్కు పేద రైతు పిల్లగాడు రామయ్య, లంబాడి పిల్ల చంద్రి మీద మనసు పడ్తడు. ఆ పిల్ల మీద దొర కన్ను పడ్తది. రామయ్య ఊరిడిసి హైదరాబాద్ పోతడు, రిక్షా తొక్కుతడు, ఫ్యాక్టరీల పని జేస్తడు, మక్బూల్ అనే యూనియన్ నాయకుని తోని సదువు, రాజకీయం నేర్సుకుంటడు. మల్ల ఊరికొచ్చి సంఘంల నిలబడ్తడు. నిజాం పోయి 1948ల మిలిటరీ వచ్చినంక పారిపోయిన దొరలు మల్ల ఊర్లెకొచ్చుడు గూడ సినిమాల సూపెట్టిన్రు. గెలుపు పాట పాడి ముగించకుండ, గెలిసిన భూమి మల్ల చెయ్యి జారుడు సూపెట్టుడు చిన్న ధైర్యం గాదు.

ఇక్కడ మనం ఆగి ఒక ముచ్చట యాది జేసుకోవాలె. 1948 సెప్టెంబర్ తర్వాత ఆ దళాలు మైదానం ఇడిసి ఎటు వచ్చినయ్? గోదావరి అడివికి. మన దిక్కుకే. కోయ గూడేల నడుమ ఉండి, అక్కడ సంఘాలు కట్టిన్రు. అంటే ‘మా భూమి’ సూపెట్టిన కతకు రెండో భాగం మన అడివంచుల నడిచింది. దాన్ని గంత పట్టుబట్టి ఇక్కడి జనం లోపలి నుంచి తీసిన సినిమా మనకు ఇయ్యాలటి దాకా లేదు.

‘మా భూమి’ 1980 సంవత్సరంల విడుదలైంది. పెద్ద హీరో లేడు, డాన్సు లేదు. అయినా జనం సూసిన్రు. హైదరాబాద్‌ల మార్నింగ్ షోలుగ దీర్ఘంగ ఆడింది. భారతీయ సినిమాకు నూరేండ్లైన 2013ల సీఎన్ఎన్-ఐబీఎన్ వంద గొప్ప భారతీయ సినిమాల జాబితా ఏస్తే అండ్ల ‘మా భూమి’ని గూడ లెక్కల ఏసింది. “గిసొంటి సినిమాలు ఎవరు సూస్తరు” అనెటోళ్లకు ఈ సినిమా ఎన్నడో జవాబు జెప్పింది.

ఒక్కో సినిమాకు ఒక్కో తీరు

‘మా భూమి’ ఆడినంక ఇంకొకరైతే అదే అచ్చుల ఇంకో నాలుగు పోరాటం సినిమాలు తీసెటోళ్లు. నర్సింగరావు అట్ల జెయ్యలే.

1983ల ‘రంగుల కల’ వచ్చింది. దర్శకుడు తనే, బొమ్మలు గీసె రవి పాత్రల నటించింది గూడ తనే. పట్నంల అమ్ముడువోయె బొమ్మ ఒక దిక్కు, బస్తీల బతికే మనిషి ఒక దిక్కు. కళాకారుడు ఎవరి దిక్కు నిలబడాలన్నదే సినిమా. గద్దరన్న పాట అండ్ల గూడ ఉన్నది. జాతీయ ఉత్తమ తెలుగు చిత్రం అవార్డు దానికి వచ్చింది.

నడుమ డాక్యుమెంటరీలు తీసిండు. ‘ది సిటీ’ల పట్నం, ‘మా ఊరు’ల పల్లె. ‘మా ఊరు’కు మన దేశంలనే గాకుండ బయటి దేశంల గూడ పేరు వచ్చింది.

1988ల ‘దాసి’. ఇది సూడకుండ తెలంగాణ సినిమా గురించి మాట్లాడుడు దండుగ. 1920ల నాటి గడీ. పెండ్లిల దొరసాని తోని పాటు అరణంగ వచ్చిన ఆడబాప కమలాక్షి. పొద్దుందాక చాకిరి, రాత్రైతే దొర పక్కల పండుడు. కడుపైతే తీయించుకొమ్మని హుకుం. సినిమాల మాటలు చానా తక్కువ. ఆ పిల్ల బాధను ఎవరూ ఉపన్యాసం జెప్పరు. ఆమె ఊకుతది, నీళ్లు తోడుతది, తలుపు కాడ నిలబడ్తది. మనం సూస్తం. కమలాక్షిగ జేసిన అర్చనకు జాతీయ ఉత్తమ నటి అవార్డు వచ్చింది. కెమెరా పట్టిన ఏ.కె. బీర్‌కు, కళా దర్శకత్వం జేసిన మన తెలంగాణ చిత్రకారుడు తోట వైకుంఠంకు, బట్టలు సూసుకున్న సుదర్శన్‌కు, సినిమాకు కలిపి మొత్తం అయిదు జాతీయ అవార్డులు. మాస్కో చిత్రోత్సవంల గూడ గుర్తింపు దొరికింది.

దొరల కుటుంబంల పుట్టిన మనిషి గడీ లోపలికి కెమెరా తీస్కపోయి, దొరను సూపెట్టుడు కంటే దాసిని ఎక్కువ సూపెట్టిండు. సొంత వర్గం జేసిన పాపం దిక్కు కండ్లు మూసుకోలే. మనం బయటోళ్ల తప్పులు సూపెట్టుడు సులువు. మన ఇంట్ల, మన కులంల, మన ఊర్లె జరిగేది సూపెట్టుడు కష్టం. నర్సింగరావు దగ్గర మొదాలు నేర్సుకోవాల్సింది ఇదే.

1990ల ‘మట్టి మనుషులు’. పల్లె నుంచి హైదరాబాద్‌కు బతకపోయి బిల్డింగుల పనిల జేరిన ఆలుమగల కత. పట్నం మేడలు లేస్తుంటయ్, వాటిని లేపెటోళ్ల కాపురం కూలుతుంటది. అర్చన, నీనా గుప్తా జేసిన్రు. దీనికి గూడ జాతీయ ఉత్తమ తెలుగు చిత్రం అవార్డు వచ్చింది. తర్వాత చానా ఏండ్లకు, 2003ల, రోగంతోని కొట్లాడే పసిపిల్ల చుట్టు తిరిగే ‘హరివిల్లు’ తీసిండు.

పోరాటం, కళాకారుని మనసు, ఆడబాప, వలస కూలి, పసిపిల్ల. ఒక్కోదానికి ఒక్కో తీరు ఎంచుకున్నడు. బహుముఖ ప్రజ్ఞ అని పేపర్లల్ల రాస్తరు. నాకు అర్థమైంది ఏందంటే, ఆయనకు కత ముందు, తరీఖ తర్వాత. కతకు పాట కావాలంటే పాటగాళ్లను తెచ్చిండు. మౌనం కావాలంటే మాటలు తీసేసిండు. బొమ్మ గీసె కన్ను ఉన్నది కాబట్టి దేనికి వెలుగు పడాలె, దేనికి నీడ ఉండాలెనో తెల్సుకున్నడు. పైసలు లేని సినిమాకు అన్ని పనులు తెల్సిన మనిషి ఒక్కడుంటే సగం బరువు దిగుతది. తనకు రాని పనికి మాత్రం అహం పెట్టుకోకుండ బెంగాల్ నుంచో ఒడిశా నుంచో మంచి పనోళ్లను పిలిసిండు. పనోళ్లు ఎక్కడోళ్లైనా కత పగ్గం మాత్రం తన చేతులనే ఉంచుకున్నడు.

తొవ్వ ఎక్కడ ఆగింది

ఇప్పుడు చేదు ముచ్చట. నర్సింగరావు దర్శకత్వంల వచ్చిన కత సినిమాలు లెక్కబెడితే ఒక్క చేతి వేళ్లు సాలు. అవార్డు మీద అవార్డు వచ్చిన మనిషి గింత తక్కువ ఎందుకు తీసిండు? ఆయన మనసుల ఏమున్నదో మనం జెప్పలేం గనీ, లోకం తీరు మాత్రం కండ్ల ముంగట ఉన్నది. థియేటర్లు కొందరి చేతుల ఉంటయ్. పెద్ద హీరో లేని సినిమాను కొనెటోడు దొరకడు. అవార్డు సినిమా అనంగనే ఢిల్లీల చిత్రోత్సవంల ఆడ్తది, ఒక ఆదివారం దూరదర్శన్‌ల వస్తది, గంతే సంగతి. ఆడబాప కత ఆడబాపల బిడ్డలకు, మనుమరాండ్లకు అందలే. బిల్డింగు కూలోళ్ల సినిమాను ఆ కూలోళ్ల అడ్డా కాడ తెర కట్టి సూపెట్టిన సర్కారు లేదు.

గిది ఒక్క నర్సింగరావుకే పట్టిన గతి గాదు. గోండు వీరుడు కొమురం భీం మీద అల్లాణి శ్రీధర్ 1990ల సినిమా తీసిండు. అది థియేటర్ల మొకం సూసేసరికి 2010 వచ్చింది. ఇరువై ఏండ్లు! అడివి బిడ్డ కత డబ్బాలల్ల మూలుక్కుంట ఉన్నది.

ఆర్. నారాయణమూర్తి అన్న ఇంకో తొవ్వ పట్టిండు. అప్పటి తూర్పు గోదావరి జిల్లా రౌతులపూడి మండలం మల్లంపేటోడు. 1986ల ‘అర్ధరాత్రి స్వతంత్రం’ మొదలు, సొంత స్నేహ చిత్ర బ్యానర్ మీద తనే తీసి, తనే నటించి, తనే డబ్బాలు మోసిండు. ‘ఎర్ర సైన్యం’ అసొంటి సినిమాలను ఊర్లల్ల జనం ఎగబడి సూసిన్రు. పాటల బలం, కోపం బలం ఉన్న సినిమాలు. జనానికి చేరుడుల నారాయణమూర్తి ముందుకు పోయిండు, కతను నిదానంగ లోపలి నుంచి సూసుడుల నర్సింగరావు ముందుకు పోయిండు. ఒకరిని పెద్ద జేసి ఒకరిని చిన్న జేసుడు మన పని గాదు. ఈ రెండు గుణాలు ఒక్క తాన కూడితే ఏమైతదన్నదే ఇయ్యాలటి సవాలు.

అది కూడితే ఏమైతదో ‘బలగం’ కొంత సూపెట్టింది. 2023ల వేణు ఎల్దండి తీసిన ఆ సినిమాను ఊరూరా తెరలు కట్టుకొని, పంచాయతీ కాడ కూసొని, ఏడ్సుకుంట సూసిన్రు. అనుమతి లేకుండ ఆడిస్తున్నరని నిర్మాతల దిక్కు నుంచి అభ్యంతరం గూడ వచ్చింది, అది న్యాయమే. కానీ ఒక్కటి రుజువైంది. తన బతుకు తెర మీద ఉన్నదని తెలిస్తే ఊరు కదులుతది. లేనిది ఊరి మనసు గాదు, తెర.

మన అడివంచు తెర మీద ఎట్లున్నది

ఇగ మన దిక్కు సూద్దాం. భద్రాచలం పేరు తెలుగు సినిమాకు కొత్త గాదు. బాపు ‘అందాల రాముడు’ (1973)ల లాంచీ ఎక్కి భద్రాచలం వస్తరు. శేఖర్ కమ్ముల ‘గోదావరి’ (2006)ల గూడ లాంచీ ఎక్కి భద్రాచలమే వస్తరు. అదే ఏడాది ‘శ్రీరామదాసు’ల గోపన్న గుడి కట్టిస్తడు. మంచి సినిమాలు, మనం గూడ ఇష్టంగ సూసినం. కానీ పడవ రేవుల ఆగంగనే కత ఒడుస్తది. పడవ దిగి గుడి దాటి దుమ్ముగూడెం తొవ్వల నాలుగు కిలోమీటర్లు నడిచే సినిమా లేదు.

అడివిలకు వచ్చిన సినిమాలు ఉన్నయ్, అవి తుపాకి ఎంబడి వచ్చినయ్. పోలీసు, అన్నలు, నడుమ నలిగే గూడెం. ఆ గూడెపోళ్లకు సినిమాల పేరు గూడ ఉండదు. అయితే దేవుని కోసం, లేకుంటే తుపాకి కోసం. ఈ రెండిట్ల ఏదీ లేని రోజు మన దిక్కు మనిషి ఏం తింటడు, ఏం మాట్లాడుతడు, దేనికి నవ్వుతడు? తెరకు తెల్వదు.

తీయడానికి కతలు లేవా మరి? 2022 జులైల భద్రాచలం కాడ గోదావరి 71.3 అడుగులు ఎక్కింది. 1986ల 75.6 అడుగులు వచ్చినంక అంత పెద్ద నీళ్లు అదే. బ్రిడ్జి మీద రాకపోకలు బంద్. చానెళ్లు వచ్చి మూడు రోజులు సూపెట్టి పోయినయ్. బురద కడుక్కున్న మూడు నెలలు ఎవరు సూపెట్టిన్రు?

2014ల పోలవరం పేరు మీద ఏడు మండలాలను ఆంధ్రల కలిపిన్రు. భద్రాచలం పట్నం తెలంగాణల ఉన్నది, పక్కనే ఉన్న ఎటపాక, గుండాల, పురుషోత్తపట్నం, కన్నాయిగూడెం, పిచ్చుకలపాడు ఆంధ్రల ఉన్నయ్. పొద్దున లేసి దవాఖానకో, అంగడికో భద్రాచలం వచ్చెటోడు రాష్ట్రం దాటి వస్తున్నడు. ఇంట్లకెల్లి పోకుండనే వేరే రాష్ట్రపోడు అయినోని కత తియ్యడానికి కోట్లు కావాల్నా?

2023 జూన్ చివర్ల పోడు పట్టాలు ఇచ్చిన్రు. రాష్ట్రం మొత్తం మీద 4 లక్షల ఎకరాలకు పైన అన్నరు, అండ్ల మన భద్రాద్రి కొత్తగూడెం జిల్లా వాటా పెద్దది. పట్టా వచ్చిన ఇల్లు, రాని ఇల్లు ఒకే గూడెంల పక్కపక్కన ఉన్నయ్. మిరప కోతలకు ఛత్తీస్‌గఢ్ నుంచి పిల్లజెల్లలతోని వచ్చే కూలీలు ఖమ్మం చేన్లల్ల గుడిసెలేసుకుంటరు. ‘మట్టి మనుషులు’ అంటే మనకు హైదరాబాదే పోవాల్సిన పని లేదు. ఆ కూలీలు మన చేన్లల్లనే ఉన్నరు. ఇక్కడ దొర జాగల ఉన్నది మనమే అని గూడ ‘దాసి’ సూసినంక గుర్తుకు రావాలె.

అన్నిటికంటే గాబరా పెట్టే ముచ్చట ఇంకొకటి. మణుగూరు మండలం కూనవరంకు చెందిన సకిని రామచంద్రయ్య కంచుమేళం, కంచుతాళం తోని కోయ వీరుల కతలు పాడెటోడు. సమ్మక్క సారలమ్మ, పగిడిద్దరాజు, గరికామరాజు వంశాల కతలు ఆయన నోట్ల ఉండె. 2022ల పద్మశ్రీ వచ్చింది. 2024 జూన్ల కాలం జేసిండు. ఆ కతలు పుస్తకంల అచ్చేసి సదివేటివి గావు, పాడుతుంటే వినేటివి. సదువు రాకున్నా వంశాల సంగతి మొత్తం యాదిల పెట్టుకున్న అసొంటి పెద్దమనుషులు ఇంకా కొందరు గూడేలల్ల ఉన్నరు. వాళ్ల కాడికి పోయి కూసునెటోడు కావాలె.

ఫోన్ వచ్చింది, గొలుసు గూడ వచ్చింది

నర్సింగరావు కాలంల రీలు కొనాలె, ల్యాబుకు పంపాలె, థియేటరోని కాళ్లు మొక్కాలె. ఇయ్యాల మన చేతుల ఫోన్ ఉన్నది. జగిత్యాల జిల్లా లంబాడిపల్లి నుంచి ‘మై విలేజ్ షో’ వాళ్లు లేసి, గంగవ్వను దేశం మొత్తానికి సూపెట్టిన్రు. మన ఖమ్మం, కొత్తగూడెం దిక్కు గూడ షార్ట్ ఫిల్ములు తీసే పిలగాండ్లకు కొదవ లేదు. తీసుడు, సూపెట్టుడు రెండూ చేతులకు వచ్చినయ్.

అయితే థియేటరోడు పోయి వ్యూస్ వచ్చి కూసున్నయ్. పది లక్షల వ్యూస్ కావాలంటే అత్తా కోడలు లొల్లి, తాగుబోతు మామ, యాస మీద కామెడీ. ఒకప్పుడు మన యాసను తెలుగు సినిమాల రౌడీకి, కమెడియన్‌కు పెట్టిన్రని మనమే కోపం జేసినం. ఇయ్యాల మనమే మన ఊరోన్ని ఎర్రోన్ని జేసి సూపెడుతున్నం. నవ్వు తప్పు గాదు. పల్లెల నవ్వు లేకుంటే పల్లె కాదు. ఎవరి మీద నవ్వుతున్నం అన్నది మాత్రం సూసుకోవాలె. కోయ మాటను ఎక్కిరించి నవ్వించుడు, గూడెపోళ్లను జంతువుల లెక్క సూపెట్టుడు పాత దొరతనమే, కొత్త ఫోన్ల వచ్చింది.

స్వతంత్ర సినిమా అంటే పైసలు లేకుండ తీసుడని కొందరు అనుకుంటున్నరు. ఏం తియ్యాలె, ఎట్ల తియ్యాలె అన్నది నువ్వు నిర్ణయించుకుంటేనే స్వతంత్రం. దొర నిర్ణయించినా, థియేటరోడు నిర్ణయించినా, యూట్యూబ్ లెక్కలు నిర్ణయించినా నీ చేతుల పగ్గం లేనట్టే.

ఇప్పుడు ఏం జెయ్యాలె

సర్కారు పని సర్కారు జెయ్యాలె. గద్దర్ పేరు పెట్టినోళ్లు గద్దర్ నడిచిన ‘మా భూమి’ని, ‘దాసి’ని, ‘మట్టి మనుషులు’ను, ‘కొమురం భీం’ను మంచిగ శుభ్రం జేయించి, నిర్మాతలకు ఇయ్యాల్సింది ఇచ్చి, గురుకులాలల్ల, కాలేజీలల్ల, పంచాయతీల కాడ ఆడియ్యాలె. ఐటీడీఏకు డబ్బులు వస్తయ్, గూడెం పిల్లలకు టైలరింగ్, డ్రైవింగ్ నేర్పిస్తరు. అట్లనే కెమెరా, ఎడిటింగ్, సౌండ్ గూడ నేర్పియ్యచ్చు. అవార్డులల్ల చిన్న సినిమాకు, డాక్యుమెంటరీకి, కోయ, గోండి, లంబాడి భాషల సినిమాకు పెద్ద పీట ఏస్తేనే ఆ పేరుకు న్యాయం జరుగుతది. మంత్రులు, ఎమ్మెల్యేలు ఊర్లెకొచ్చినప్పుడు రోడ్డు అడిగినట్టే తెర గూడ అడగాలె.

మన పని గూడ ఉన్నది. నలుగురు కూడండి. ఒకరికి పాట వస్తది, ఒకరికి బొమ్మ వస్తది, ఒకరికి ఫోన్ పట్టుడు వస్తది, ఒకరికి కోయ మాట వస్తది. ‘ఆర్ట్ లవర్స్’ గూడ గిట్లనే మొదలైంది. ‘మా భూమి’, ‘దాసి’ ఎక్కడ దొరికితే అక్కడ సూడండి, సూసినంక ఎందుకు నచ్చిందో, ఎక్కడ నచ్చలేదో మాట్లాడుకోండి. గూడెంల తీస్తే ముందుగాల పెద్దమనుషుల సమ్మతి తీసుకోండి. దేవర కాడ, జాతర కాడ తీయొద్దన్నది తీయొద్దు. కోయ మాటను కోయలనే ఉంచి, కింద తెలుగు అక్షరాలు ఎయ్యండి. తీసినంక మొదటి షో యూట్యూబ్‌ల కంటే ముందు ఆ గూడెంలనే పడాలె. గోడకు తెల్ల చీర కట్టినా సాలు. వాళ్లు తప్పు జెప్తే దిద్దుకోండి.

నర్సింగరావు తీసిన సినిమాలు తక్కువ, అయినా ఒక్కదానికి ఇంకొకటి పోలిక లేదు. సొంత ఊరు, సొంత మాట, సొంత తప్పు మూడిటినీ తెర మీద పెట్టచ్చని ఆయన సూపెట్టిండు. ఆ తెరను ఊరి దాకా తెచ్చుడు ఆయన కాలంల కాలే, మన కాలంల అయితది. ఈ ఎండాకాలం సెలవులల్ల చర్లలనో, గుండాలలనో, కారేపల్లిలనో ఒక్క గూడెం, ఒక్క పెద్దమనిషి, ఒక్క కత పట్టుకోండి. వానలు మొదలయ్యేలోపు ఆ గూడెం గోడ మీద ఆ కత ఆడాలె.